మా అన్న డౌన్‌లోడ్‌కు ఇంటిల్లిపాది కాపలా

మా అన్నను ఇక్కడ నేను 'వాడు' అనే రాస్తాను. రెండేళ్ళు పెద్దవాడిని అట్లా అనొచ్చా అని ముక్కున వేలేసుకునేవాళ్ళు చివరిదాకా చదివి అప్పుడు అడగండి. అప్పుడు కూడా నేను మార్చను.

గోదావరిఖనిలో మాది బొగ్గుగనుల కంపెనీ క్వార్టర్. రెండు గదులు, ఒక వంటిల్లు, వెనక రేకుల బాత్రూం. తెలంగాణ రావడానికి ఇంకా నాలుగైదేళ్ళు ఉంది. ముందుగదిలో మంచం వేసుకోవాల్సిన చోట కంప్యూటర్ బల్ల ఉండేది. వాడు ఇంజినీరింగ్‌లో చేరాడని కొన్నారు. దాని మీద వాడు ఒక్క ప్రోగ్రాం రాయగా నేను చూడలేదు. తుపాకులు పేల్చడం, కార్లు గుద్దడం, ఇదే వాడి ఇంజినీరింగ్. సెమిస్టర్‌కు రెండు సబ్జెక్టులు తప్పడం, ఇంటికొచ్చి "పేపర్లు సక్కగ దిద్దలే" అనడం, అమ్మ అవునవునని తలూపడం.

ఆ యేడు వాడికి ఒక కొత్త ఆట కావలసి వచ్చింది. ఎనిమిది జీబీల ఆట. ఇప్పటి పిల్లలు నవ్వుతారు గానీ, అప్పుడు మా ఇంటికొచ్చే నెట్టు వేగానికి అది మూడు పగళ్ళు, మూడు రాత్రుళ్ళు ఆగకుండా దిగాలి. నెట్ సెంటర్‌లో సీడీల మీద దొరికే ఆటలు వీడికి ఆనవు. సెంటినరీ కాలనీలో ఉండే దోస్తు కంటే ముందు వీడి దగ్గర ఉండాలి. ఆ వయసులో వాడికున్న ఆశయం మొత్తం అంతే.

డౌన్‌లోడ్ పెట్టిన రోజు పొద్దున వాడు నన్ను, అమ్మను, మేం బాపు అని పిలిచే నాన్నను వరసగా నిలబెట్టి చెప్పాడు.

"ఇగో, తెర బంద్ జేస్తున్న. తెర బంద్ జేసినా లోపట నడుస్తనే ఉంటది. ఎవ్వలు ముట్టద్దు. మౌసు కదిలినా మొత్తం సున్నకొస్తది. ఊడ్సుడు గూడ గీడిదాక వద్దు."

అది అబద్ధమని వాడికి తెలుసు. నాకూ తెలుసు. కాలేజీ ల్యాబ్‌లో ఒకటి దిగుతుండగానే ఇంకోటి తెరిచి చూసుకునేవాళ్ళం. కానీ మా ఇంట్లో కంప్యూటర్ గురించి మాట్లాడే హక్కు వాడొక్కడిదే. అమ్మ ఆ మూల మూడు రోజులు చీపురు పెట్టలేదు. దుమ్ము పడకుండా సీపీయూ మీద తన పాత చీర ముక్క కప్పబోతే, వేడెక్కుతదని వాడు ఇల్లెగిరిపోయేట్టు అరిచాడు. అమ్మ తప్పు చేసినదానిలా చీర ముక్క వెనక్కి తీసుకుంది.

ఇల్లు చాలలేదు వాడికి, క్వార్టర్ల లైనంతా కావలసి వచ్చింది. మా క్వార్టర్లలో అందరి వంటా హీటర్ల మీదే. కంపెనీ కరెంటు, పైగా పోదు, కాబట్టి ప్రతి ఇంట్లో తీగచుట్టల హీటరు పొద్దంతా ఎర్రగా కాలుతూనే ఉండేది. షిఫ్టు వదిలాక అందరూ ఒక్కసారే స్నానాలకు నీళ్ళు పెడితే ఫ్యూజు కొట్టేసేది. అందుకని వాడు ఇల్లిల్లూ తిరిగాడు. "అక్కా, మూడు దినాలు హీటర్లు అందరు ఒక్కపారి పెట్టకుండ్రి, మా ఇంట్ల కంప్యూటర్ల పెద్ద పని నడుస్తున్నది" అని చెప్పి వచ్చాడు. పక్కింటి అక్క నన్ను నల్లా దగ్గర ఆపి, గొంతు తగ్గించి అడిగింది: "సాఫ్ట్‌వేర్ పనా బిడ్డా? హైద్రాబాదోళ్ళు ఇచ్చిన్రా?"

ఏం చెప్పను? తుపాకుల ఆట అక్కా అంటే నమ్మే మనిషి కాదు. ఆమె భర్త మొదటి షిఫ్టు చేసి బొగ్గు మొఖంతో వచ్చి, తమ వంతు ఇంకా రాలేదని చన్నీళ్ళే పోసుకున్నాడు. లైనులో ఉన్న ఇళ్ళన్నీ మా అన్న ఆట కోసం వంతులేసుకుని నీళ్ళు కాచుకున్నాయి. నేను సిగ్గుతో చచ్చిపోయాను. వాడేమో కాలరెగరేసుకుని తిరిగాడు.

సరిగ్గా ఆ మూడు రోజుల్లోనే నా పని ఒకటుంది. ఇంటర్ అయ్యి ఇంజినీరింగ్ ఎంట్రెన్స్ రాశాను. మా కాలేజీ అమ్మాయిల్లో నాదే మంచి ర్యాంకు. కరీంనగర్ వెళ్ళి సర్టిఫికెట్లు చూపించి వచ్చాను. ఇక మిగిలింది ఒక్కటే, ఏ కాలేజీ ముందు, ఏది తర్వాత అని నెట్‌లో వరుసగా పెట్టి ఖాయం చేయడం. దానికి మూడు రోజుల గడువు. మూడో రోజు సాయంత్రం ఆరింటికి బంద్. పెట్టకపోతే ఎంత ర్యాంకైనా సీటు లేదు. నేను నోట్‌బుక్ కాగితం మీద పద్దెనిమిది కాలేజీలు రాసుకున్నాను. మొదటిది హైదరాబాద్‌లో యూనివర్సిటీ కాలేజీ. ఈ ర్యాంకుకు అది వచ్చి తీరుతుందని మా లెక్కల సారు చెప్పాడు. బాపు కూడా ఆ కాలేజీ అయితే హాస్టల్లో ఉంచి చదివిస్తానని ఒప్పుకున్నాడు.

మొదటి రోజు నెట్ సెంటర్‌కు పోతానంటే అమ్మ పోనివ్వలేదు. "ఇంట్ల గంత పెద్ద కంప్యూటర్ వెట్టుకొని బయటికెందుకే? మంది నవ్వరా?" అంది. వాడు, "రేపు పొద్దుగాలకల్ల అయిపోతది, నేనే పెట్టిస్త" అన్నాడు. రెండో రోజూ అదే మాట. నేను నమ్మాను. వాడి మాట నమ్మేంత తెలివి పెట్టుకుని ఆ ర్యాంకు ఎట్లా తెచ్చుకున్నానో నాకే తెలియదు.

మూడో రోజు పొద్దున తొమ్మిదింటికి వాడు తల దువ్వుకుని, దోస్తు బండి వెనక ఎక్కి బసంత్‌నగర్ పోయాడు. క్రికెట్ మ్యాచ్ అట. పోతూ పోతూ కాపలా బాపుకు అప్పగించాడు. బాపు అప్పుడే నైట్ షిఫ్టు చేసి వచ్చి, ఇంత తిని, పడుకోబోతున్నాడు.

ఇక్కడ బాపు పని ఏమిటో చెప్పాలి. బొగ్గుబాయి లోపల నీళ్ళు తోడే పంపు దగ్గర ఆయన డ్యూటీ. షిఫ్టంతా ఒక్కడే కూర్చుని దాన్ని చూడాలి. గంటకోసారి మోటారు మీద చెయ్యి పెట్టి వేడి చూసి, చప్పుడు విని, బుక్కులో రాయాలి. పంపు ఆగితే కింద పని చేసేవాళ్ళ మోకాళ్ళ దాకా నీళ్ళొస్తాయి. అందుకని రిలీవర్ వచ్చి చార్జి తీసుకునేదాకా అక్కణ్ణుంచి కదలడానికి లేదు. అన్నేళ్ళ సర్వీసులో ఆయన ఏనాడూ కదలలేదు. అట్లాంటి మనిషితో వాడు, "బాపూ, ఇది ఆగద్దు. నేనొచ్చేదాక చార్జి నీదే" అన్నాడు. ఆ మాట అంటే ఆయన చస్తే లేవడని ఆ గాడిదకు బాగా తెలుసు.

బాపు కుర్చీ లాక్కుని కంప్యూటర్ ముందు కూర్చున్నాడు. పాత డైరీ ఒకటి తీశాడు. సీపీయూ మీద అరచెయ్యి ఆనించి, వంగి చెవి పెట్టి విని, రాశాడు: '10 గంటలు. నడుస్తున్నది. వేడి మామూలు.'

నేను ఇక ఆగలేక, అమ్మ మాట కూడా వినకుండా ఊళ్ళోకి పరుగెత్తాను. ఆ యేడు వానల్లేవు, ఊళ్ళో పగటిపూట కరెంటు కోత. ఒక నెట్ సెంటర్‌కు తాళం. ఇంకోదానిలో ఇన్వర్టర్ అయిపోయింది. చౌరస్తాలో ఉన్నదాని ముందు నాలాంటివాళ్ళు మెట్ల నిండా కూర్చుని ఉన్నారు, చేతుల్లో ఫైళ్ళు. మూడింటిదాకా నేనూ కూర్చున్నాను. కరెంటు రాలేదు. కరెంటు, నెట్టు, కంప్యూటర్ మూడూ ఉన్నది మా ఇంట్లోనే కదా అని వెనక్కి వచ్చాను. బాపు కుర్చీలోనే ఉన్నాడు.

"బాపూ, పది నిమిషాలు. తెర ఏస్త, కాలేజీలు పెడ్త, మల్ల బంద్ జేస్త. దానికేం గాదు."

"వద్దు బిడ్డా. ముట్టద్దన్నడు."

"అది అబద్ధం బాపూ. ఇంకోటి తెరిస్తే ఇది ఆగదు. నాకెరుకే."

"నీకెరుకేమో, నాకెరుక లేదు గద. చార్జి నాకిచ్చిపోయిండు. ఆగితే జవాబు నేను చెప్పాలె."

"నా సీటు పోతది బాపూ!"

ఆయన కళ్ళు నిద్ర లేక చింతనిప్పుల్లా ఉన్నాయి. "ఆనికి ఫోన్ జెయ్యి. ఆడు సరే అంటే కూసో" అన్నాడు.

చేశాను. వెనక నుంచి అరుపులు, ఈలలు. "గంటల వస్తున్న, నేనొచ్చినంక పెట్టు. ముట్టినవనుకో, సంపుత" అని పెట్టేశాడు. అప్పుడు టైం మూడున్నర. మళ్ళీ చేస్తే ఎత్తలేదు. ఐదింటి నుంచి స్విచ్చాఫ్.

అప్పుడు నేను ఏం చేశానో కూడా చెప్తాను, దాచడమెందుకు. గోడకు ఆనుకుని కింద కూర్చున్నాను. చౌరస్తాకు మళ్ళీ పోదామంటే, నేను అటు పోగానే వాడు ఇటు వస్తాడేమోనని భయం. తెర బటన్ నాకు రెండు మూరల దూరంలో ఉంది. బాపు కొట్టే మనిషి కాదు. నేను లేచి నొక్కితే మహా అయితే అయ్యో అనేవాడు. లేవలేదు. ఐదింటికి మళ్ళీ అడిగాను. ఐదున్నరకు ఏడ్చాను. వంటింట్లోంచి అమ్మ, "అన్న వస్తనన్నడు గద, ఏడుస్తవేందే గట్ల?" అంది. ఒళ్ళో కాగితం చెమటకు మెత్తబడిపోయింది. బాపు లేచి, సీపీయూ మీద చెయ్యి పెట్టి, డైరీలో రాశాడు: '6 గంటలు. నడుస్తున్నది.'

వాడు ఏడున్నరకు వచ్చాడు, సగం తిన్న మిర్చి బజ్జీ చేతిలో పట్టుకుని. నన్ను చూడలేదు. నేరుగా పోయి తెర బటన్ నొక్కాడు. తెర మధ్యలో చిన్న డబ్బా ఒకటి ఉంది. డిస్కులో జాగా లేదు, డౌన్‌లోడ్ ఆగిపోయింది. ఆగిన టైం కూడా ఉంది, తెల్లవారుజామున నాలుగు దాటాక. డిస్కు నిండా వాడు నింపుకున్న సినిమాలు.

అంటే పొద్దున బాపు కుర్చీ వేసుకోకముందే అది ఆగి ఉంది. పోయేముందు ఒక్కసారి తెర వేసి చూసిన పాపాన పోలేదు వాడు. రోజంతా కంప్యూటర్ ఖాళీ, నెట్టు ఖాళీ. మా బాపు నిద్ర మానుకుని కాపలా కాసింది లోపల తిరిగే ఫ్యాను చప్పుడుకు.

వాడు నేల మీద కూలబడి తల పట్టుకున్నాడు. "మూడు దినాలు ఖరాబైనయి" అని ఏడుపు గొంతు. అమ్మ పరుగెత్తుకొచ్చి వాడి వీపు నిమిరింది. "పోనీ బిడ్డా, మల్ల పెట్టుకుందువు. ఫికర్ జెయ్యకు." నా గడువు అయిపోయిందని నేనే గుర్తుచేశాను. వాడు తల కూడా ఎత్తకుండా, "రెండో కౌన్సెలింగ్ ఉంటది తియ్" అన్నాడు. రెండోదానిలో మిగిలేవి ఎక్కడెక్కడి కాలేజీలో, వాటికి బాపు ఆడపిల్లను పంపడని వాడికి తెలియదా? తెలుసు. చివరికి అట్లాగే అయ్యింది, నేను ఊళ్ళోనే డిగ్రీలో చేరాను.

బాపు డైరీ చేతిలో పట్టుకుని అట్లాగే నిలబడ్డాడు. "సప్పుడైతే అచ్చింది గద బిడ్డా" అన్నాడు నాతో, నెమ్మదిగా. బాయిలో నీళ్ళెత్తకుండా ఉత్తగా తిరిగే పంపును ఆయన నిద్రలో కూడా పట్టేస్తాడు. అది ఆయనకే గుర్తొచ్చినట్టుంది, మొఖం మాడిపోయింది. అన్నం తినకుండానే బూట్లేసుకుని డ్యూటీకి పోయాడు. ఆయన మీద కోపం రాలేదంటే అబద్ధం. వచ్చింది. అసహ్యం మాత్రం రాలేదు, అదంతా వాడికే సరిపోయింది.

ఆయన అటు పోగానే వాడు కళ్ళు తుడుచుకుని, నాలుగు సినిమాలు తీసేసి, జాగా చేసి మళ్ళీ నొక్కాడు. సున్నకు రాలేదు. ఆగిన చోటు నుంచే, అరవై శాతం నుంచే మొదలైంది. నేను వెనకే నిలబడి చూస్తున్నానని వాడికి తెలుసు. మెడ తిప్పలేదు.

మర్నాడు పొద్దున అమ్మ నాకు చాయ్ ఇస్తూ అంది: "బాపు ఇయ్యాలన్న పండుకోనీ. నువ్వు కూసో ఆడ. ఎట్లైనా ఖాళీగనే ఉన్నవు గద."

కూర్చున్నాను. ఆ పగలంతా కూర్చున్నాను. ఆ మర్నాడు పొద్దున లేవగానే మళ్ళీ పోయి చూశాను. తెర మీద నూరు శాతం అని ఉంది. వాడు ఇంకా ముసుగు తన్ని పడుకున్నాడు. నేను పరుగెత్తి పోయి వాడి భుజం పట్టి ఊపాను. "అన్నా, లే, అయిపోయింది! మొత్తం దిగింది!" అని అరిచాను. సంతోషంగానే అరిచాను. ఆ సంతోషం గుర్తొచ్చినప్పుడల్లా నా మొఖాన నేనే ఉమ్మేసుకోవాలనిపిస్తుంది.