మేడమ్ గారి సినిమాలో నా ఊకొట్టుడు

జర్మనీలో, ఇల్మెనౌ అనే చిన్న ఊళ్లో చదువుకునే ఆ రోజుల్లో, నాకు తెలియని విషయం ఒకటుంటుందన్న సంగతే నాకు తెలియదు. అందుకే, నలభై ఏళ్లుగా డాక్యుమెంటరీలు తీస్తున్న జర్మన్ మేడమ్ (పేరెందుకు లెండి) మైకు కర్ర పట్టుకోవడానికి ఒక విద్యార్థి కావాలనగానే, ముందూ వెనకా చూడకుండా చెయ్యెత్తేశాను. ఆవిడ పద్ధతి చూస్తే ఒళ్లు జలదరించేది. ఎవరినీ ప్రశ్న అడగరు. చెప్పింది మళ్లీ చెప్పమనరు. "రెండోసారి చెబితే అది నటన" అనేవారు. మూతపడ్డ గాజు ఫ్యాక్టరీలో పనిచేసిన ఒక ముసలాయన నోరు విప్పుతాడేమోనని, రెండేళ్లుగా ఆయన వంటింట్లో కెమెరా పెట్టుకుని కూర్చుంటున్నారట. ఆయన కాఫీ తాగేవాడు, ఈవిడ చూసేవారు. ఆయన మాట్లాడకపోతే ఆ సినిమాయే లేదు. అంత ఓపిక నేను మనుషుల్లో ఎక్కడా చూడలేదు.

నేను వెళ్లిన మూడో రోజు ఆయన హఠాత్తుగా ఏదో ఒక్క మాట అని ఆగాడు. ఫ్యాక్టరీ చివరి రోజున కొలిమి ఆర్పింది ఆయనేనట (ఇది తర్వాత తెలిసింది, ఆ యాసలో నాకు ఒక్క ముక్క అర్థమైతే ఒట్టు). అర్థం కాకపోతేనేం, పెద్దాయన చెబుతుంటే రాయిలా నిలబడటం మర్యాదా? అలవాటుగా "ఊ" అన్నాను. ఆయన నావైపు తిరిగాడు. నేను ఇంకాస్త హుషారుగా "ఊ... ఊఁ..." అన్నాను. ఆయన పావుగంట చెప్పి, కళ్లు తుడుచుకున్నాడు.

"ఏందిరా, మైకు పట్టుకోమంటే ఊ కొట్టినవా? ఆమె రెండేండ్ల కష్టం గంగల కలిపినవ్ పో!" అన్నాడు, ఆ రాత్రి సంగతంతా విన్న మా వరంగల్ రూమ్మేటు.

మర్నాడు రికార్డింగు వింటే, వాక్యానికో "ఊ". క్షమించమనబోతే మేడమ్ చెయ్యెత్తి ఆపారు. "రెండేళ్లూ నేను నోరు మూసుకుని కూర్చుంటే, ఆయనా నోరు మూసుకున్నాడు. వింటున్నానని నేనెప్పుడూ చెప్పలేదు కదా!" అన్నారు. ఒక్క ఊ కూడా తీయకుండా సినిమాలో ఉంచేశారు. అంత గొప్ప మనిషి, ఇరవై మూడేళ్ల మొద్దు ముందు తన పొరపాటును అంత తేలిగ్గా ఒప్పుకుంటుంటే, దణ్ణం పెట్టాలనిపించింది.

ఇప్పుడు మ్యూనిక్‌లో ఉద్యోగం. జర్మన్ బాగా వచ్చేసింది. ఎదుటివాళ్లు మాట ముగించకముందే నా జవాబు సిద్ధంగా ఉంటుంది. ఒక్క ముక్క అర్థం కాకుండానే అంత శ్రద్ధగా విన్న ఆ కుర్రాణ్ణి తలుచుకుంటే నవ్వొస్తుంది. వాడంటే కాస్త అసూయగా కూడా ఉంటుంది.