సూర్యుని తుఫాను, మా బియ్యం డబ్బా

ఏయ్, గ్రూపుల ఎవరెవరున్నరు? జెర పని పక్కకు పెట్టి సదువుండ్రి. నిన్న మా ఇంటి మీద సూర్యుడు పడ్డడు. పడలేదులే గానీ, పడ్డడని ఇల్లంత నమ్మిచ్చిన. ఆఖరికి మా నాన్న ఫ్యాక్టరీ హెల్మెట్‌తోనే ఇంటికి ఉరికొచ్చి తలుపు గుద్దేదాంక పోయింది ముచ్చట. నిన్నంత ఆన్‌లైన్ల ఎందుకు లేవే అని అడుగుతున్నరు గదా. నా ఫోన్ బియ్యంల ఉండే.

నవ్వినోళ్లను రిమూవ్ చేస్త. అడ్మిన్ నేనే, యాది పెట్టుకోండ్రి.

మొన్న క్లాసుల ఫిజిక్స్ సార్ చెప్పిండు గదా, సూర్యుని మీద మచ్చలు మస్తయినయ్, పెద్ద ఫ్లేర్ ఒకటి పేలింది అని. దాని వెలుగు ఎనిమిది నిమిషాలల్ల మన దగ్గరికొస్తది, దూరం పోయే రేడియోలు కొంచెం సేపు బందయితయ్. దాని ఎనకాల సూర్యునికెల్లి పెద్ద మబ్బు లెక్క ఒకటి ఊడి బయల్దేరిందనుకో, అది రెండు మూడు రోజులకు వచ్చి తాకుతది, అప్పుడు సాటిలైట్లు, జీపీఎస్, పెద్ద కరెంట్ లైన్లు పరేషాన్ అయితయ్ అని. నేను గక్కడిదాంక విన్న. తర్వాత బెంచీ కింద రీల్స్ సూసుకుంట కూసున్న. సార్ ఇంకో సగం చెప్పిండంట. నాకేం తెల్సు.

నిన్న రెండో శనివారం, కాలేజీ లేదు. లేసుడుతోనే ఫోన్ల ఒక వీడియో. ఒకాయన ఎర్ర అక్షరాలు పెట్టి, తుఫాను ఇయ్యాలనే తాకుతది, ఫోన్లు కాలుతయ్, టీవీలు పేల్తయ్, నెలలకు నెలలు కరెంట్ రాదు అంటుండు. ఎనక గా మ్యూజిక్ ఉంటది సూడు, గుండె దడదడ కొట్టుకునేటట్టు. నాకు బుగులు పట్టింది. ఇంకోటి సూసిన. ఇంకోటి. ఈ పిల్ల భయపడ్తుందని నా ఫోన్‌కు గూడ సమజైంది, ఇగ అన్నీ గవే సూపెట్టింది.

నాన్న అప్పటికే డ్యూటీకి పోయిండు. మీకు తెల్సు గదా, కర్దనూర్ దాటినంక మందుల కెమికల్స్ తయారుచేసే ఫ్యాక్టరీ, అండ్ల బాయిలర్ మీద పని. ఇంట్ల నేను, అమ్మ, నానమ్మ. మీదంతస్తుల ఓనర్ ఆంటీ. వాళ్లది భీమవరం దిక్కు, ఆ అంకుల్ ఎప్పుడో ఇక్కడ నౌకరీకని వచ్చి ఇల్లు కట్టుకున్నడు. నిన్న అంకుల్ ఊరికి పోయిండు, ఆంటీ ఒక్కతే ఉంది.

ఇంకొకటి చెప్పాలె, లేకపోతె మీకు అర్థం కాదు. మా ఇంట్ల ఒక పద్ధతి ఉంది. ఫ్యాక్టరీల దిక్కు డేంజర్ సైరన్ మోగిందనుకో, నాన్న గేట్ కాడికొచ్చి, అక్కడ జమ చేసిన ఫోన్ తీస్కొని, అమ్మకు ఒక్క రింగ్ ఇచ్చి కట్ చేస్తడు. ఎత్తొద్దు. ఒక్కటి అంటే నేను మంచిగున్న అని. అమ్మ మళ్ల ఒక్క రింగ్ ఇస్తది, మేం గూడ మంచిగున్నం అని. ఎంబడెంబడే రెండు మిస్డ్ కాల్స్ వచ్చినయంటే మాత్రం ఏదో అయింది, ఫోన్ చెయ్యాలె. నేను పుట్టకముందుకెల్లి గిదే నడుస్తుంది. అమ్మ తానానికి పోయినా ఫోన్ బాత్రూం కిటికీల పెట్టుకొనే పోతది.

గసొంటి ఇంట్ల నేనేం చేసిన? నాన్నకు చపాతీలు చుట్టే ఫాయిల్ రోల్ ఉంటది గదా, గది తీసి అమ్మ ఫోన్, నా ఫోన్ పొరలు పొరలుగ చుట్టిన. ఇనుప డబ్బాల పెడితే తుఫాను లోపలికి రాదని వీడియోల చెప్పిండు. మా ఇంట్ల గంత పెద్ద డబ్బా బియ్యందొక్కటే. అడుగుదాంక చెయ్యి పెట్టి బియ్యంల పాతిపెట్టిన. చుట్టే ముందే స్విచాఫ్ చేసిన. స్విచాఫ్ చేసే ముందు ఫ్లైట్ మోడ్ల పెట్టిన. డబుల్ సేఫ్టీ అన్నట్టు. అమ్మ మొదట తిట్టింది, నాన్న రింగ్ ఇస్తే ఎట్లనే అని. ఫోనే కాలిపోతె రింగ్ ఎట్లొస్తదని అడిగిన. ఈఎంఐ ఇంకా అయిపోలే ఆ ఫోన్‌ది. ఇగ తనే ఇంకో పొర చుట్టు అన్నది.

తర్వాత మెట్ల కింద కరెంట్ మెయిన్ స్విచ్ బంద్ చేసిన. ఆంటీ మీదికెల్లి దిగొచ్చింది, చేతికంత పిండి. మిక్సీ సగంల ఆగిందంట. నేను సూర్యుని సంగతి మొత్తం చెప్పిన. "ఏంటే, నీ మొహం, సూర్యుడు ఇక్కడికొచ్చి నా మిక్సీ పాడుచేస్తాడా" అన్నది. వీడియోల టీవీలు పేలుతయన్నడని చెప్పంగనే చిన్నగ మీదికి పోయి టీవీ ప్లగ్గు పీకి, తన ఫోన్ తెచ్చి నాకే ఇచ్చింది. గది గూడ గట్లనే ఫ్లైట్ మోడ్ల పెట్టి, స్విచాఫ్ చేసి, చుట్టి పాతిపెట్టిన.

నానమ్మకు ఇగ ఒక్కటే డౌటు. పట్టు ఎప్పుడు, విడుపు ఎప్పుడు అని. గ్రహణం కాదే అంటే, సూర్యునికి ఏదో అయింది గదా, మరి గ్రహణం గాక ఏందది అన్నది. విడుపు పొద్దుగూకినంక అని చెప్పిన, ఏదో నోటికొచ్చింది. ఆమె పెరట్ల గరిక తెంపుకొచ్చి పెరుగు మీద, మామిడికాయ తొక్కు జాడీ మీద, ఆఖరికి ఫోన్లున్న బియ్యం డబ్బా మీద గూడ పెట్టింది. విడుపుదాంక ముద్ద ముట్టనని మంచంల కూసున్నది.

ఇప్పుడు అసలు బుద్ధిలేని పని. సూర్యుని కిరణాలొస్తే మనుషులం ఏం చెయ్యాల్నో వీడియోలల్ల సరిగ్గ చెప్పలే. మనకు తెల్సిన ఆపద ఏంది? గ్యాస్. నాన్న చిన్నప్పటికెల్లి నేర్పిచ్చింది గదే: కిటికీలు బంద్, తలుపు సందుల తడిబట్ట, మూతికి తడి తువ్వాల. నేను గదే చేసిన. సూర్యునికి. గంత ఎండల కిటికీలన్ని మూసి, ఫ్యాన్ లేక, గడప కింద తడి లుంగీ కుక్కి, నలుగురం మూతులకు తువ్వాలలు కట్టుకొని నడిమింట్ల కూసున్నం. ఆంటీ తువ్వాల లోపలికెల్లే గొణుగుతుంది, ఇడ్లీ పిండి పులిసిపోతదని.

గప్పుడు మోగింది సైరన్.

షిఫ్ట్ సైరన్ కాదు. షిఫ్ట్‌ది సీదాగ పోతది, మనం లెక్కనే చెయ్యం. ఇది లేస్తుంది, పడ్తుంది, మళ్ల లేస్తుంది. కర్దనూర్ దిక్కుకెల్లి. మీరు గూడ వినే ఉంటరు. అమ్మ దిక్కు సూసిన నేను. చెయ్యి దానంతటదే ఫోన్ పెట్టే బల్ల మీదికి పోయింది. అక్కడ ఏం లేదు.

డబ్బా దిక్కు ఉరికింది. నేను అడ్డం పోయిన. ఇప్పుడు తీస్తే కాలిపోతది, తుఫాను తాకింది కాబట్టే సైరన్ కొడుతున్నరు అన్న. అమ్మ నన్ను ఒక్క తోపు తోసింది. జీవితంల మొదటిసారి. డబ్బా పక్కకు వంచింది, బియ్యమంత బండల మీద, గరిక ఒక దిక్కు, ఫాయిల్ ముద్దలు ఒక దిక్కు. గోర్లతోని గీకుతుంది ఫాయిల్‌ను. ముక్కలు ముక్కలు అయితుంది గానీ ఊడొస్తలేదు, గంత గట్టిగ చుట్టిన మరి.

అమ్మ ఫోన్ ఆన్ కాలే. పొద్దున ఛార్జింగ్ పెట్టనియ్యలే నేను. నా ఫోన్ ఆన్ అయింది, నెట్‌వర్క్ లేదు. ఆంటీ ఫోన్ ఆన్ అయింది, దాంట్ల గూడ లేదు. మీదికి సూసిన, ఫ్యాన్ తిరుగుతలేదు. ఇగ నాకు పక్కా అయిపాయె. కరెంట్ పోయింది, సాటిలైట్లు పోయినయ్, వీడియోల చెప్పినట్టే వరసగ అవుతుంది అని ఒర్రిన. నలుగురు ఆడోళ్లం ఉన్నం, ఒక్కరికన్న మెయిన్ యాదికి రావాలె గదా. రాలే. ఫోన్ల మీద ఆ చిన్న విమానం బొమ్మ ఒక్కరికన్న కనబడాలె గదా. కనబడలే. భయమైతే కండ్లు గూడ బందయితయ్.

ఆంటీ ఏడుస్తుంది. నానమ్మ ఎల్లమ్మ తల్లికి దండం పెడుతుంది. అమ్మ మాత్రం ఏడ్వలే. బియ్యంల మోకాళ్ల మీద కూసొని, ఆ నల్ల ఫోన్‌ను రెండు చేతులతోని పట్టుకొని సూస్తనే ఉంది. ఒక్క రింగ్ రావాలె, గంతే. నాకు గప్పుడు సూర్యుడు, సాటిలైట్లు అన్నీ పోయినయ్ దిమాగ్‌లకెల్లి. బాయిలర్ ఒక్కటే కనబడ్డది. తప్పు నాదే అనిపించింది, ఏం తప్పో తెల్వది. అమ్మ లేసి ఒక కాలికి చెప్పు తొడుక్కుంది, నేను పోత అన్నది, ఫ్యాక్టరీ కాడికి నడిచే పోత అన్నది. ఆంటీ, నేను చెరో రెక్క పట్టుకొని గుంజుతున్నం.

గప్పుడే తలుపు మీద గుద్దుడు. మామూలు గుద్దుడు కాదు, తలుపు ఊడొస్తదా అన్నట్టు.

నేను గొళ్లెం తీసిన. నాన్న. నెత్తి మీద పసుప్పచ్చ హెల్మెట్, మెడల మాస్కు, కాళ్లకు సేఫ్టీ బూట్లు. ఎనక గేట్ల ఫ్యాక్టరీ సార్ ఎవరో బండి మీద ఉన్నడు. మేమేమన్న చెప్పేలోపలనే తన మాస్కు తీసి నానమ్మ మొఖానికి పెట్టిండు, ఆమెను చంకల ఎత్తుకున్నడు, మమ్మల్నందర్ని బజార్లకు నూకిండు. గాలికి ఎదురు నడువుండ్రి అంటుండు. నానమ్మ మాస్కుల నుంచే ఏదో అంటుంది, నాన్నకు వినబడ్తలేదు. పక్కింటోళ్లు మమ్మల్ని సూసి వాళ్ల కిటికీలు ధనాధన మూసిండ్రు. ఎదురింటోళ్లు పిల్లగాండ్లను లోపలికి గుంజిండ్రు.

మూల మలుపు కాడ ఆగి అడిగిండు. "గ్యాస్ ఎక్కడ బిడ్డా? ఏ దిక్కుకెల్లి వచ్చింది?"

"గ్యాస్ కాదు నాన్నా," అన్న. "సూర్యుడు."

నాన్న మీదికి సూసిండు. ఎంబడొచ్చిన ఫ్యాక్టరీ సార్ గూడ బండి ఆపి మీదికి సూసిండు. బజార్ల ఉన్నోళ్లంత మీదికి సూసిండ్రు. సూర్యుడు మంచిగనే ఉన్నడు. ఎప్పటి లెక్కనే.

అసలేమైందంటే, ఫ్యాక్టరీల నిన్న మాక్ డ్రిల్. చెప్పకుండ పెట్టిండ్రు. సైరన్ కొట్టంగనే అందర్ని గ్రౌండ్‌ల నిలబెట్టి లెక్కపెట్టి, గేట్ కాడ ఫోన్లిచ్చిండ్రు. నాన్న అమ్మకు రింగ్ ఇద్దామంటే స్విచాఫ్. నాకు చేస్తే స్విచాఫ్. ఆంటీకి చేస్తే స్విచాఫ్. ఒక్క ఇంట్ల మూడు ఫోన్లు ఒక్కసారే బందున్నయంటే ఆయనకేం అనిపిస్తది మరి? వేరే ఫ్యాక్టరీల గ్యాస్ ఏదన్న నిజంగనే లీకయి మన దిక్కు పోయిందేమో అనుకున్నడు. గా ఫ్యాక్టరీ సార్ బండి ఆపి ఎక్కిండు. ఇంటికొచ్చి సూస్తే కిటికీలన్ని మూసున్నయ్, గడప కింద తడిబట్ట. ఆయన నేర్పిచ్చిందే. మెట్ల మీద కూసున్నంక హెల్మెట్ బెల్ట్ తీస్కుందామని సూస్తుండు, ఎంత గుంజినా బకిల్ ఊడ్తలేదు. అమ్మ పోయి తీసింది.

నన్ను కొడ్తడనుకున్న. కొట్టలే. "ఆ తడిబట్ట సూసినంక తలుపు గుద్దనీకె గూడ భయమైంది బిడ్డా, లోపలికెల్లి సప్పుడు రాకపోతె ఎట్ల అని," అన్నడు. గంతే. కొట్టినా బాగుండు అనిపించింది.

నానమ్మ ఒక్కతే మాస్కు తీసి అడిగింది, విడుపు అయినట్టేనా, ఆకలైతుంది అని.

పొద్దుగూకినంక ఫిజిక్స్ సార్‌కు మెసేజ్ పెట్టిన, ఆ రెండో సగం ఏంది సార్ అని. మనకు మీద మస్తు మందం గాలుంది, భూమికి అయస్కాంతం ఉంది, నేల మీదున్న మనుషులకు ఏం కాదంట. ఆ తుఫాను కరెంట్ ఎక్కేది వందల కిలోమీటర్ల తీగలకంట, ఫోన్‌కు కాదంట. ధ్రువాల దిక్కు ఆకాశం రంగులు మారుతదంట, అక్కడోళ్లు కుర్చీలేసుకొని సూస్తరంట. ఇంకోటి. ఈసారొచ్చిన మబ్బు మనల్ని తాకనే లేదంట. పక్కకెల్లి పోయిందంట. సూర్యుడు గూడ మా ఇంటి సంగతి తెల్సి తప్పుకున్నట్టున్నడు.

ఇయ్యాల పొద్దున ఆంటీ మీదికెల్లి తొంగి సూసి అడిగింది, ఏమ్మా, ఎండ పర్వాలేదా, వడియాలు పెట్టుకోమంటావా అని. పెట్టుకోండ్రి అన్న, తల దించుకొని.

గదన్న నయం. నిన్న డ్రిల్ నడుమల ఉరికొచ్చిండని నాన్నను ఇయ్యాల ఆదివారం గూడ డ్యూటీకి రమ్మన్నరు. మధ్యాహ్నం అమ్మ ఫోన్ మోగింది. ఒక్క రింగ్, కట్. మళ్ల ఒక్క రింగ్, కట్.

రెండు.

అమ్మ చేతిల గంటె ఆగిపోయింది. సైరన్ గూడ రాలే. నేనే ఫోన్ గుంజుకొని చేసిన. ఎత్తంగనే ఏమైంది నాన్నా, ఏమైంది అని నేనే ఒర్రుతున్న. ఆయన మస్తు నిమ్మళంగ, గేట్ పక్క క్యాంటీన్ల కూసొని అడుగుతుండు.

"బిడ్డా, టిఫిన్ల అన్నం నడుమ మెరిసే ఫాయిల్ ముక్క ఒకటి వచ్చింది. ఇది తింటే తుఫాను తాకదా, తీసి పారెయ్యాల్నా?"

ఎనక క్యాంటీన్ మొత్తం నవ్వుతుంది. ఇటు అమ్మ ఏడ్చుకుంట నవ్వుతుంది. నేను ఫోన్ పెట్టేసి, డబ్బా మళ్ల బండల మీద బోర్లిచ్చి, పొద్దుగూకేదాంక బియ్యం ఏరుకుంట కూసున్న. ఇంకా ఎన్ని ముక్కలున్నయో ఆ సూర్యునికే తెల్వాలె.