నా మొహానికి ఎవరిదో గొంతు

నాకు అందం లేదు. పొడుగు అంతకన్నా లేదు. ఉన్నదల్లా గొంతు ఒక్కటే. అది ఒప్పుకోనివాళ్ళతో నేను ఇప్పటికీ పోట్లాడతాను.

డెబ్బైల్లో ఉదయగిరి బస్టాండు పక్కన బట్టలు కుట్టుకుంటూ, నాటకాల రోజుల్లో ఆత్మకూరు నాటక సమాజంతో పోయి రాజు వేషం కట్టేవాణ్ణి. మా పద్యనాటకాల్లో రాజంటే ఒక్కడు కాదు, ఒకే వేషాన్ని ముగ్గురం పంచుకునేవాళ్ళం. మొదటి రాజు అందగాడు, సింహాసనం మీద కూర్చుంటాడు. రెండోవాడు అడవుల పాలవుతాడు. అన్నీ పోగొట్టుకుని ఏడ్చే మూడో రాజు నేను. కలిగిరిలోనైనా కొండాపురంలోనైనా జనం నా పద్యం కోసమే చివరిదాకా కూర్చునేవాళ్ళు. పద్యం అయిపోగానే "వన్స్ మోర్" అని కేక పడేది. కేక పడిందంటే మళ్ళీ పాడి తీరాలి, అది మా దగ్గర చట్టం. సాయిబుకి రాజు వేషమేందని గొణిగినవాళ్ళు కూడా ఆ కేక వేసినవాళ్ళే.

మా అమ్మ మాత్రం ఒక్క నాటకానికీ రాలేదు. "మొహానికి రంగు పూసుకోని ఎగిరేదానికా నిన్ను కన్నింది?" అనేది. నేను మానలేదు, ఆమె తిట్టడమూ మానలేదు.

ఎనభైల్లో సోమశిల దగ్గర ఒక సినిమా తీశారు. డ్యాములో మునిగిపోయే ఊరి కథ. ఊరిపెద్ద వేషానికి నన్ను పిలిచారు. ఒకే ఒక్క డైలాగు: "మా ఊరు మునిగినా మా నోరు మునగదు!" నాటకం అలవాటు కొద్దీ అది ఆఖరి వరసకి వినిపించేలా అన్నాను. అని, చెయ్యి చాచి అలాగే నిలబడ్డాను. డైరెక్టరు కట్ చెప్పి, "ఎందుకు ఆగిపోయారు?" అని అడిగాడు. వన్స్ మోర్ కోసమని చెప్పాను. అందరూ పగలబడి నవ్వారు. సిగ్గుతో నా చెవులు వేడెక్కాయి. నవ్వితే నవ్వారు, ఆ మాట వాళ్ళలో ఒక్కడు అలా అనగలడా అని నాకు నేను సర్దిచెప్పుకున్నాను.

ఆ సినిమా ఆత్మకూరుకి వచ్చేసరికి శుక్లాలతో అమ్మకి చూపు దాదాపు పోయింది. అయినా ఈసారి తనే అడిగింది.

"కండ్లు కనపడకపోతే ఏంది, నీ గొంతు ఇంటాలే. తీసకపోరా" అంది.

ఆ మాటకే నా కడుపు నిండిపోయింది. మ్యాటినీకి తీసుకుపోయి కుర్చీ క్లాసులో నా పక్కన కూర్చోబెట్టుకున్నాను.

తెర మీదికి వచ్చాను. నోరు తెరిచాను. వినిపించింది నా గొంతు కాదు. మద్రాసులో ఎవరిచేతో చెప్పించి నా మొహానికి అతికించారు, నాకు ఒక్క మాటైనా చెప్పకుండా. మెత్తటి, ఒద్దికైన గొంతు అది. ఊరు మునిగితే మునగనీలే అన్నట్టుంది.

అమ్మ నా మోచెయ్యి తట్టింది. "నువ్వెప్పుడు వస్తావురా?"

వచ్చి వెళ్ళిపోయానని ఎలా చెప్పేది? ఇన్నేళ్ళ కోపం పక్కన పెట్టి ఆమె వచ్చింది ఆ ఒక్క మాట వినడానికి. దాన్ని కూడా నా దగ్గర్నించి కాజేశారు. ఒళ్ళు మండిపోయింది. తెర మీద పాట మొదలవుతుంటే లేచి నిలబడి, ముందు నేల క్లాసుదాకా వినపడేలా అన్నాను, "మా ఊరు మునిగినా మా నోరు మునగదు!"

"కూర్చోరా!" అని ఎవరో అరిచారు. బెంచీల్లోంచి ఒకడు ఈల వేశాడు. గేటు దగ్గరి మనిషి పరిగెత్తుకొచ్చి టార్చిలైటు నా మొహాన వేశాడు.

"ఏంది సాయిబూ, కూర్చుంటావా, బయటికి పంపీమంటావా?"

అమ్మ నా చొక్కా అంచు పట్టుకుంది. లాగి కూర్చోబెడుతుందనుకున్నాను.

"ఇంకోసారి చెప్పరా" అంది.

లైటు మొహం మీద ఉండగానే, చెయ్యి చాచి, మళ్ళీ చెప్పాను.