బడిలో పెగలని గొంతు

2010లో నేను ఎల్లారెడ్డి దగ్గర ఒక ఊళ్ళో ప్రాథమిక పాఠశాల టీచరును. ఉండేది కామారెడ్డిలో, రోజూ బస్సులో వెళ్ళి వచ్చేదాన్ని. ఆ ఏడు ఒకటో తరగతిలో చేరిన ఒక పిల్ల బడిలో నోరు తెరవలేదు. రాయమంటే చక్కగా రాసేది. పేరు పిలిస్తే చెయ్యెత్తేది. దాహం వేసినా నీళ్ళు అడిగేది కాదు. పిల్లలు ఆమెను మూగది అనుకున్నారు. కొంతకాలం నేనూ అలాగే అనుకున్నాను.

దసరా సెలవుల తర్వాత ఆ పిల్ల బడికి రాకపోతే ఇంటికి వెళ్ళాను. వాకిట్లో అడుగు పెట్టకముందే లోపలి నుంచి ఒక గొంతు వినిపించింది. ఎవరో చిన్నపిల్ల తమ్ముణ్ణి గుక్క తిప్పుకోకుండా తిడుతోంది, మధ్యలో మేకను కూడా. తలుపు తోసి చూస్తే ఆ పిల్లే. నన్ను చూడగానే మాట సగంలో ఆగిపోయింది. ముఖంలో మొండితనమేమీ లేదు. మెడ మాత్రం బిగుసుకుపోయింది.

బీడీలు చుడుతున్న తల్లి చాట పక్కన పెట్టి లేచింది. "ఇంట్ల దీని నోరు ఆగది టీచరమ్మా. బడికి వస్తె ఏమైతదో నాకు సమజ్ గాదు," అంది.

నాకూ అర్థం కాలేదు. తెలుసుకోవాలనిపించింది. కామారెడ్డిలో పిల్లల మానసిక సమస్యలు చూసే ఒక డాక్టరమ్మ దగ్గరికి తల్లినీ పిల్లనూ తీసుకెళ్ళాను. బడి గురించి అడుగుతుందనుకుంటే ఆమె ఉయ్యాల నుంచి మొదలుపెట్టింది. ఎప్పుడు నడిచింది, ఎప్పుడు మాటలొచ్చాయి, కొత్తవాళ్ళు ఎత్తుకుంటే ఏం చేసేది. పాలు తాగే వయసులోనే పరాయి చేతుల్లో కట్టెలా బిగుసుకుపోయేదని తల్లి చెప్పింది. అప్పట్లో దిష్టి తగిలిందనుకున్నారట.

ఇది భయం అంది డాక్టరమ్మ. కొందరు పిల్లలు పుట్టుకతోనే బెదురుతో ఉంటారట. ఇంటి నాలుగ్గోడల మధ్య అది బయటపడదు, బడికి వచ్చాక గొంతుకు అడ్డం పడుతుంది. పెరిగేకొద్దీ కొందరిలో తగ్గిపోతుంది, కొందరిలో మరో రూపం తీసుకుంటుంది. మాట్లాడమని బలవంతం చేయొద్దనీ, బడి వదిలాక తల్లిని తరగతిలో కూర్చోబెట్టమనీ చెప్పింది.

అలాగే చేశాం. అందరూ వెళ్ళాక తల్లి చాటతో వచ్చి కింద కూర్చునేది, పిల్ల ఆమె చెవిలో ఏదో చెప్పేది. నేను మొదట వరండాలో, తర్వాత గుమ్మంలో, ఆ తర్వాత నా కుర్చీలో కూర్చున్నాను. చలికాలం వెళ్ళేసరికి గుసగుస కాస్తా మాటయింది. ఒక సాయంత్రం ఆ పిల్ల కిటికీలోంచి చూస్తూ అంది: "టీచర్, మీ బస్సు పోతది."

నేను ఆశ్చర్యం పైకి కనబడనీయలేదు. సరేనమ్మా అని సంచీ తీసుకున్నాను. తల్లి నాతో గేటు దాకా వచ్చి, మెల్లగా తన సంగతి చెప్పింది.

"నేను గూడ గిట్లనే టీచరమ్మా. నేను బడికి పోలె. పెండ్లైన కొత్తల అత్త ముంగట నా గొంతు పెగలకపోతుండె. అందరు కోడలు బుద్ధిమంతురాలన్నరు."

ఆ రోజు బస్సులో దాని గురించే ఆలోచించాను. అదే భయం ఆరేళ్ళ పిల్లలో జబ్బు, కొత్త కోడలిలో మంచి గుణం. ఆమె పడిన బాధ ఎవరికీ కనబడలేదు. అది ఎప్పుడు వదిలిందని తర్వాత అడిగితే, ఈ పిల్ల పుట్టాక, ఎందుకో తనకూ తెలియదంది.

2014లో నాకు బదిలీ అయింది. అప్పటికి ఆ పిల్ల తరగతిలో పాఠం పైకి చదివేది, సన్నగానే, కానీ వెనక బెంచీకి వినిపించేలా. బడికి కొత్తగా వచ్చిన సారు ముందు మాత్రం ఇంకా తలే ఊపేది.