అక్క లైవ్‌లో నేను చంపిన ముసలమ్మ

బోధన్‌లో మా ఇంటి ముందుగదిలో మా అక్క రోజూ సాయంత్రం ఐదు నుంచి ఏడు దాకా ఫోన్లో లైవ్ పెట్టేది. విషయం అనిమే. వాటిని జపాను కార్టూన్లు అని ఎవరైనా అంటే ఆమెకు కోపం. మా బాపు మాత్రం బొమ్మలు అనేవాడు, ఆయన మీద కోపం చెల్లేది కాదు. ఇంటి ముందే ఆయన చెరకు రసం బండి. మిషను తిరిగినంతసేపూ దానికి కట్టిన గజ్జెలు మోగుతాయి. ఇద్దరు వీరులు కత్తులు దూసి చివరి యుద్ధానికి దిగారని అక్క గొంతు తగ్గించి చెబుతుంటే, వెనక ఘల్లు ఘల్లుమని గజ్జెలు, "రెండు గ్లాసులు, ఐసు వద్దు" అని ఎవరో గిరాకీ. చూసేవాళ్లకు అది అలవాటైపోయింది. గజ్జెలు వినిపించని రోజున "బాపుకు మంచిగున్నదా?" అని అడిగేవాళ్లు. అక్క గొంతు బొంగురుపోయిన వారంలో మాత్రం ఎవరూ ఏమీ అడగలేదు.

నాది చాట్ కాపలా ఉద్యోగం. బూతులు రాసినవాణ్ణి, ఒకటే మాట పదిసార్లు రాసినవాణ్ణి పది నిమిషాలు మ్యూట్ చేయాలి. జీతం రోజుకో గ్లాసు రసం, అది ఎలాగూ నేను తాగేదే.

మొదలుపెట్టిన నాటి నుంచి అక్క ఒక్క రోజు కూడా ఆపలేదు. మేనమామ కూతురి పెళ్లిలో వంటల టెంటు వెనక నిలబడి లైవ్ పెట్టింది. జ్వరమొచ్చిన రోజు దుప్పటి కప్పుకుని పెట్టింది.

"ఒక్క రోజు ఆపితె అందరు పోతర్రా."

"యాడికి పోతరక్కా? ఐదు దాటితె మన ఊర్ల బస్సే దొరకది."

ఇంతకుముందు ఇలాంటి మాటకు నా మీదికి దిండు వచ్చేది. ఆ మధ్య దిండు రావడం ఆగింది. దాన్ని నేను గెలుపనుకున్నాను.

అన్నం తింటూ కూడా అనిమే చూసే మనిషి చూడటం మానేసింది. మొదటి పాట మొదలవగానే ఫోను తిప్పి పెట్టేసేది. "నువ్వు సూసి జెప్పు" అని ఆ పని నాకు అప్పగించింది. నేను వేగం పెంచి చూసి, "హీరో ఏడ్సిండు, విలన్ నవ్విండు, మిగిలింది వచ్చే వారం" అని చెప్పేవాణ్ణి. ఆ ఒక్క ముక్కను ఆమె అరగంట సాగదీసేది. మా బాపు కూడా ఒక్క చెరకు గడలోంచి అంత రసం తీయలేడు.

డిసెంబరు వచ్చింది. ఈ సంవత్సరం ఏది గొప్పది అన్న పంచాయితీ మొదలైంది. చాట్ రెండు ముక్కలైంది. కత్తుల సీరియల్ పక్షానికి పెద్ద, నిజామాబాద్‌లో గాజుల దుకాణం చూసుకునే ఒక భాయ్. రెండో పక్షానికి పెద్ద, వేల్పూర్‌లో పసుపు పండించే ఇంటి అమ్మాయి, డిగ్రీ చదువుతోంది. ఆమెది ముసలమ్మ సీరియల్. రైళ్లు ఆగడం మానేసిన ఒక స్టేషన్లో ఒక ముసలమ్మ టీ కొట్టు నడుపుతుంటుంది. కథ మొత్తం అంతే.

"పన్నెండు ఎపిసోడ్లల్ల ఒక్క కప్పు పగిలింది. గిదా బెస్టు?" అని భాయ్ రాశాడు.

"గా కప్పు పగిలితె నేను ఏడ్సిన భాయ్. నీ కత్తుల దాంట్ల ఊరంత కాలితె గూడ నాకు ఆవులింతనే వచ్చింది" అని ఆమె.

ముసలమ్మ సీరియల్ ఆఖరి భాగం వచ్చిన రోజు అక్క తీర్పు చెప్పాల్సి ఉంది. నాలుగున్నరకు ఆమె నేల మీద వెల్లకిలా పడుకుని ఫ్యాను వైపు చూస్తోంది. చలికాలం, ఫ్యాను తిరగడం లేదు.

"ఆఖరుకు ఏమైందిరా?"

"ఏమైతది? ముసలమ్మ సచ్చిపోయింది, టీ సల్లారింది" అన్నాను.

అది వేళాకోళమని మా వీధి కుక్కకైనా తెలుస్తుంది. అక్క లేచి నోటు పుస్తకంలో రాసుకుంది. తిరిగి నన్నే ఆట పట్టిస్తోందనుకుని నేను రసం తాగడానికి పోయాను.

ఐదు గంటలకు అక్క ముసలమ్మ చావు గురించి మాట్లాడటం మొదలుపెట్టింది. పది నిమిషాలు మాట్లాడింది. కళ్ల వెంట నీళ్లు. నాకు గ్లాసు నోటి దగ్గరే ఆగిపోయింది. క్షణానికి పది మాటలు పారే చాట్ కూడా ఆగిపోయింది. గజ్జెలు ఒక్కటే మోగుతున్నాయి.

అక్కను బాజీ అని పిలిచే భాయ్ మొదట రాశాడు: "బాజీ, ముసలమ్మ జిందా ఉంది."

వెంటనే వేల్పూర్ అమ్మాయి: "అక్కా, గామె ఆఖర్ల కొత్త కెటిల్ కొన్నది గద?"

ఆ తర్వాత వరద. అక్క చూడలేదట, అక్క మోసం చేసిందట, ఇన్నాళ్లూ చెప్పినవన్నీ అబద్ధాలట. నేను "తప్పు నాది" అని రాసి, చేతికి అందినవాళ్లందరినీ మ్యూట్ చేశాను. అందులో ఒకతను పాపం, రసం గ్లాసు ఎంత అని మాత్రమే అడిగాడు.

అక్క చాట్ మొత్తం చదివింది. కళ్లు తుడుచుకుంది.

"నిజమే, నేను సూడలే. మూడు నెలల సంది ఒక్కటి గూడ సూడలే. పాట మొదలైతెనే ఫోను తిప్పి పెడ్తున్న. ఆపితె మీరంత పోతరని భయమైంది. గందుకే తమ్ముడు సెప్పింది సెప్పిన. ఏడుపైతె అబద్ధం గాదు. ముసలమ్మ సచ్చిపోయిందంటె మంచిగైంది అనిపించింది. ఇగ పొద్దుగాల లేసి టీ పెట్టేది లేదు గదా."

నేను మ్యూట్ చేసినవాళ్లందరినీ విడిచిపెట్టాను.

గజ్జెలు ఆగాయి. బాపు గ్లాసు పట్టుకుని లోపలికి వచ్చాడు.

"బిడ్డా, గడను నాలుగు తాపలు మిషన్ల పెడ్త. ఐదో తాప పెడితె పిప్పే వస్తది, మిషనే ఖరాబైతది. ఇగ బంద్ జెయ్" అని గ్లాసు చేతికిచ్చాడు.

బాపు ఫోన్లో కనిపించడం అదే మొదటిసారి. అంతదాకా తిట్టినవాళ్లంతా "బాపూ!" అంటూ ఎర్ర గుండె బొమ్మలు కురిపించారు. అక్కకు అన్ని రోజుల్లో వచ్చినవన్నీ కలిపినా అన్ని ఉండవు. ఈ మాట ఆమెతో ఇప్పటికీ అనలేదు.

అప్పుడు వేల్పూర్ అమ్మాయి రాసింది. "అక్కా, పసుపు తవ్వేటప్పుడు మేము బదులు పోతం. ఇయ్యాల మా చేనుకు వాళ్లొస్తరు, రేపు వాళ్ల చేనుకు మేం పోతం. కూలి ఉండదు. నెల రోజులు నీకు మేం బదులొస్తం. దినానికొక్కలం లైవ్ పెడ్తం. నువ్వు పండుకో."

భాయ్ ఒక్కటే అడిగాడు: "రేపు నాదేనా?"

మర్నాడు అక్క ఛానల్లోనే భాయ్ గాజుల దుకాణం నుంచి లైవ్ పెట్టాడు. మట్టి గాజుల సైజు అడగడానికి వచ్చిన ఒకామెకు కత్తుల సీరియల్ క్లైమాక్స్ అంతా చెప్పి పంపాడు. గాజులు ఇచ్చాడో లేదో తెలియదు. కొందరు నిజంగానే పోయారు. చాలామంది ఉన్నారు, పైగా రెండు గంటల లైవ్‌ను కొట్లాడి మూడు గంటలు చేశారు. అక్క తలుపు దగ్గర నిలబడి రోజూ ఒక ప్రశ్న అడిగేది, "ఎంతమంది ఉన్నర్రా?" చెప్పగానే పోయి పడుకునేది. వారం తర్వాత అడగడం మానేసింది. ఆ తర్వాత ఒక మధ్యాహ్నం లోపలి గదిలోంచి ముసలమ్మ సీరియల్ పాట వినిపించింది. ఈసారి పాట సగంలో ఆగలేదు.

ఆ సాయంత్రమే మామూలు మనిషిలా చాట్‌లోకి దిగింది. కెటిల్ కొన్న సీను ముందు భాయ్ కత్తులన్నీ పాత ఇనుప సామాను కిందే లెక్క అని ఒకటే మాట పదకొండుసార్లు రాసింది. భాయ్ లైవ్‌లో మొత్తుకున్నాడు, "అరె, బాజీని ఎవరన్న ఆపుండ్రి!"

రూలు రూలే. పది నిమిషాలు మ్యూట్ చేశాను. లోపలి గదిలోంచి దిండు వచ్చి నా వీపుకు తగిలింది. అన్నాళ్ల తర్వాత వచ్చిన దిండు కదా, కొంచెంసేపు తిరిగి ఇవ్వకుండా ఒళ్లో పెట్టుకున్నాను.

బదులంటే బదులే. నెల తిరిగాక వేల్పూర్ నుంచి ఫోను వచ్చింది, పసుపు తవ్వుడు మొదలైందని. అక్కా నేనూ బస్సులు మారి వెళ్లాం. ఆడవాళ్లతో కూర్చుని మట్టి దులిపి కొమ్ములు విరుస్తూ అక్క ముసలమ్మ కథ మొదటి నుంచీ చెప్పింది. ఫోను లేదు, లైటు లేదు, గొంతు మాత్రం పాతదే. అందరి చేతులూ నెమ్మదించాయి. వేల్పూర్ అమ్మాయి వాళ్ల అమ్మ అడిగింది, "ఆఖరుకు గా ముసల్ది సచ్చిందా బిడ్డా?"

అక్క నా వైపు చూసింది. ఇక్కడ దిండు లేదు, ఆమె చేతిలో మట్టిగడ్డ ఉంది.

నేను తల వంచుకుని కొమ్ములు విరిచాను.