కళ్ళు మూయించి వేయించిన ఓట్లు

మద్రాసు శాసనసభకు ఒక పెద్దమనిషిని గెలిపించి పంపిన ఘనత నాకుంది. చిక్కల్లా ఒక్కటే. ఆయన మా మామగారికి ఎదురు నిలబడిన మనిషి. నేను ఊరూరా తిరిగి పనిచేసింది మా మామగారి కోసం. అత్త సొమ్ము అల్లుడు దానం చేశాడంటారు. మామ ఓట్లు కోడలు దానం చేయడం మా ఇంట్లోనే జరిగింది. పైగా ఆ ఏడు నాకు ఓటే లేదు. నా వయసు పంతొమ్మిది.

అది 1937 ఫిబ్రవరి. తేదీ నా లెక్కల పుస్తకంలో ఉంది గాని ఇక్కడ వేయను, పేర్లూ రాయను. గెలిచినాయన మనవలు మర్యాదగా బతుకుతున్నారు, వాళ్ళకెందుకు ఈ కథ? ఆయనను యమ్మిగనూరు ఆయన అంటాను. మగ్గాల వీధిలో పుట్టినవాడు. గొంతు ఎంత పెద్దదంటే, ఆయన మాట్లాడితే మగ్గాల చప్పుడే వినపడేది కాదట.

మా మామగారిది ఆదోనిలో పత్తి వ్యాపారం. అప్పటికి యాభై ఎనిమిదేళ్ళు. ఆయనకు ఉన్నది ఒకే కోరిక: సభలో లేచి నిలబడి, తుంగభద్ర నీళ్ళు మా మెట్టపొలాలకు ఎప్పుడిస్తారని అడగాలి. ఆ ఉపన్యాసం నాలుగు పేరాలు. గడ్డం గీసుకుంటూ రోజూ అద్దంతో చెప్పేవారు. అద్దం ఒక్కసారీ కాదనలేదు. "ఈసారి గాకపోతే నాకింక లేదమ్మాయీ, వయసు ఆగుతుందా?" అనేవారు.

అప్పట్లో ఓట్లు ఎలా వేసేవారో ఈ కాలం వాళ్ళకు చెప్పాలి. చదువు రానివారే ఎక్కువ కనుక ఒక్కొక్క అభ్యర్థికి ఒక్కొక్క రంగు పెట్టె. తెర వెనక్కి పోయి, నచ్చినవాడి పెట్టెలో చీటీ వేయడమే. మాకు మూడు పెట్టెలు. జాబితాలో నడిమి పేరున్న ఇంకొకాయనది ఎరుపు, యమ్మిగనూరు ఆయనది పసుపు. మా మామగారికి వచ్చింది నలుపు.

రంగు వినగానే మా అత్తగారు కూలబడింది. "ఓట్లు పడేది శుక్రవారం. పసుపు పెట్టెను దాటిపోయి నల్లదాంట్లో సెయ్యి పెట్టే ముత్తైదువ యాడుందమ్మా?"

"నేను చూసుకుంటాను అత్తా," అన్నాను. ఈ మూడు మాటలే సర్వనాశనానికి శంకుస్థాపన.

ఆస్పరిలో మా పత్తి బేరాలు. అక్కడి పల్లెల్లో ఓటున్న ఆడవాళ్ళ జాబితా తెప్పించాను. అరవై నలుగురు. రంగుతో పేచీ వచ్చింది కాబట్టి రంగునే తీసేస్తే సరి అనుకున్నాను. పెట్టెలను అభ్యర్థుల జాబితా వరుసలో పెడతారని గుమాస్తా చెప్పాడు. మా మామగారిది మొదటి పేరు. ఓట్లు పడే బడిని నేనే చూసి వచ్చాను. తూర్పు వాకిట్లో అడుగు పెడితే ఏడు అడుగుల్లో బెంచీ. బెంచీ మీద మొదటి పెట్టె మాది. ఇంత సులువైన లెక్క ప్రపంచంలో మరొకటి ఉంటుందా?

తొమ్మిది రోజులు ఆస్పరిలో మకాం వేసి పాఠం చెప్పాను. అరుగు మీద మూడు డబ్బాలు, చీటీకి బదులు వేరుశనక్కాయ.

"వాకిలి దాటంగానే కళ్ళు మూసుకోండి. ఏడు అడుగులు. చేతికి తగిలిన మొదటి డబ్బాలో వేసి వచ్చేయండి."

నరసమ్మ అనే రైతు భార్య అడిగింది: "కండ్లు ఎందుకు మూసుకోవల్ల సిన్నమ్మా? మేమేమన్నా పెండ్లిపీటల మీద కూసుంటామా?"

"తెరిస్తే లెక్క తప్పుతుంది."

"మూసుకుంటే పడతాం గదా?"

"లెక్క తప్పకుంటే పడరు."

తొమ్మిదో రోజుకు అరవై నలుగురూ గంతలు కట్టిన గానుగెద్దుల్లాగా ఒక్క అడుగు తప్పకుండా నడిచారు. పడినవాళ్ళు ఇద్దరే, అదీ మా పిల్లి అడ్డం వచ్చినందువల్ల. ఆ వేరుశనక్కాయలు కూడా సాయంత్రానికి సరిగ్గా అరవై నాలుగు లేవు. నలభై ఒకటే ఉన్నాయి. అప్పుడే అర్థం చేసుకోవలసింది, ఈ ఆడవాళ్ళకు సొంత బుర్ర ఉందని.

శుక్రవారం పదకొండు బండ్లలో అందరినీ బడికి తెచ్చాను. బడికి నూరు గజాల లోపల ప్రచారం చేయకూడదని చట్టం. జవాను అడుగులతో కొలుస్తుంటే ఒప్పుకోక తాడు తెప్పించి కొలిపించాను, గీత గీయించి ఇవతల నిలబడ్డాను. ఆడవాళ్ళు లోపలికి పోయారు. అరగంటకు నరసమ్మ అందరికంటే ముందు వచ్చింది, పెళ్ళి జరిపించిన పురోహితుడి ముఖంతో.

"ఏసినా సిన్నమ్మా! కండ్లు గట్టిగా మూసుకొని మొదటి పెట్టెలో ఏసినా. ఆ పడమటి వాకిలి శానా ఇరుకు, మోచెయ్యి గీరుకునింది సూడు."

"ఏ వాకిలి?"

"పడమటిది. తూరుపు తట్టు మొగోళ్ళు కిక్కిరిసి ఉంటే, ఆడోళ్ళను ఎనక నుంచి పొమ్మన్నాడు ఆపీసరు. మంచోడు, పాపం."

బెంచీ ఒకటే, వరుస ఒకటే. తూర్పు నుంచి మొదటిది నలుపు. పడమర నుంచి మొదటిది పసుపు!

గీత దాటి పరుగెత్తబోయాను. జవాను లాఠీ అడ్డం పెట్టాడు.

"యాడికమ్మా?"

"లోపల ఉన్న మా వాళ్ళకు ఒక్క మాట చెప్పాలి."

"ఏమని?"

"కడపటి పెట్టెలో వేయమని!"

"అది ప్రచారం గాదా? ఈ గీత ఎవురు గీయించినారు?"

"నేనే."

"తాడు ఎవురు తెప్పించినారు?"

"అదీ నేనే."

"అట్లయితే ఆ పక్కకు నిలబడు తల్లీ. శెట్టిగారి ఇంటి కొలత ఎప్పుడూ తప్పుబోదు."

ఒక్కొక్కరే వచ్చారు. వస్తూనే "కండ్లు మూసుకునే ఏసినాం" అని నాకిచ్చిన మాట నిలబెట్టుకున్నారు. నా జీవితంలో ఏ పాఠమూ అంత బాగా ఒంటబట్టలేదు.

ఫలితం వచ్చింది. మా మామగారు నూట తొమ్మిది ఓట్లతో ఓడిపోయారు. నేను గదిలో కూర్చుని లెక్క వేశాను. మాకు రావలసిన అరవై నాలుగు తగ్గాయి, యమ్మిగనూరు ఆయనకు అరవై నాలుగు పెరిగాయి. తేడా నూట ఇరవై ఎనిమిది. ఆ వాకిలి ఒక్కటి మారకుండా ఉంటే మా మామగారు పంతొమ్మిది ఓట్లతో గెలిచేవారు. లెక్క తీసుకుపోయి ఆయన ముందు పెట్టాను.

ఆయన వేలితో వరుసగా కూడి చూశారు. "కూడిక బాగుండాదమ్మాయీ," అన్నారు. అంతకంటే పెద్ద తిట్టు నేను ఇంతవరకూ తినలేదు.

మూడో రోజు యమ్మిగనూరు ఆయన ఆశీర్వాదానికని వచ్చాడు. మా మామగారు ఆయన చేతిలో ఆ నాలుగు పేరాలు పెట్టి, "నీ గొంతు పెద్దది, ఇది సదువప్పా," అన్నారు. ఆయన చదివాడు. మద్రాసు సభలో నిలబడి చదివాడు, పత్రికలో వచ్చింది. మా మామగారు అద్దం ముందు కూర్చుని దానిని పోల్చి చూసుకున్నారు. "బాగానే సదివినాడు. మూడో పేరా మింగినాడు," అన్నారు. ఆ తర్వాత ఆయన అద్దంతో మాట్లాడడం నేను చూడలేదు.

ఆ యమ్మిగనూరు ఆయన రాజకీయ జీవితం నా లెక్క ప్రకారం ఇంతే: ఆ ఒక్క ఉపన్యాసం, ఊరికి రెండు బావులు, లెక్కలేనన్ని పూలదండలు. 1946లో మళ్ళీ ఎన్నికలు రాగానే ఒక అరటిగెలతో మా ఇంటికి వచ్చాడు.

"అమ్మా, ఈసారి గూడా మీరు నాకు ఎదురుగానే తిరగల్ల. కాదంటే నేను నిలబడను."

లోపలి నుంచి మా మామగారు అన్నారు: "మా కోడల్ని యాడికీ పంపనప్పా. నీ గెలుపు నువ్వే తెచ్చుకో."

ఆ ఏడు నాకూ ఓటు వచ్చింది. అదే నెలలో ఆస్పరి నుంచి లక్షుమవ్వ వచ్చింది. ఆ అరవై నలుగురిలో అందరికంటే పెద్దది, పన్నెండెకరాల పట్టాదారు. మాటల మధ్య పాత సంగతి వచ్చింది.

"ఆ పొద్దు నేను మీ మామకే ఏసినా సిన్నమ్మా."

"అదెట్లా? కళ్ళు మూసుకోలేదా?"

"ముసిలిదాన్ని, కండ్లు మూసుకొని నడిస్తే నడుం ఇరగదా? తెరుసుకునే పోయినా. నల్లపెట్టె కడాన ఉండె. పోయి ఏసి వస్తి."

"నలుపు కదా అవ్వా! శుక్రవారం కదా!"

ఆమె నన్ను చూసిన చూపు నా పుస్తకంలో ఏ గడిలోనూ పట్టదు.

"నల్లరేగడి దున్నుకొని బతికేటోళ్ళం. నలుపంటే మాకు భయమా? అందరం నల్లదాంట్లోనే ఏద్దామని ముందే అనుకొనింటిమి. పత్తి పండే రంగని. నువ్వు వచ్చి కండ్లు మూసుకోమంటివి. పెద్దింటి కోడలు, సదువుకున్నది, ఏదో ఉంటాదిలే అని వాళ్ళు మూసుకునిరి."

"ఈ మాట అప్పుడే చెప్పలేదెందుకు?"

"నువ్వు అడిగితివా?"

తొమ్మిది రోజుల్లో ఒక్కరినీ అడగలేదు. ఆమె పోయాక పుస్తకం తీశాను. తొమ్మిదేళ్ళుగా తప్పు లెక్క మోస్తున్నాను. దారి మళ్ళిన ఓట్లు అరవై నాలుగు కాదు, అరవై మూడు. తేడా నూట ఇరవై ఆరు. నేను ఇంట్లో ఊరగాయ పెట్టుకుంటూ ఉండి ఉంటే మా మామగారు పదిహేడు ఓట్లతో గెలిచేవారు. కొట్టివేసి, సంతకం చేసి, తేదీ వేశాను.

దాని కిందనే ఈ ప్రతిజ్ఞ రాసుకున్నాను: నేలా నింగీ సాక్షిగా, ఈ జన్మలో ఎవరినీ కళ్ళు మూసుకొమ్మని చెప్పను. ఇప్పటివరకు ఆ మాట తప్పలేదు. మనవరాళ్ళతో దాగుడుమూతలు ఆడేటప్పుడు కూడా వాళ్ళు కళ్ళు తెరిచే ఉంటారు. అందుకే ప్రతిసారీ నేనే దొరికిపోతాను.