క్యాలెండర్ ఆవు వద్దన్న మేడమ్

మా డ్రాయింగ్ మేడమ్ పోయారన్న ఫోన్ నాకు కుప్పంలో, క్లాసు మధ్యలో వచ్చింది. చేసింది పుంగనూరు నుంచి వాళ్ల అక్క. బోర్డు మీద సగం గీసిన కుండను అట్లాగే వదిలేసి బస్టాండుకు పరుగెత్తాను. పలమనేరులో బస్సు మారేదాకా సీట్లో కుదురుగా కూర్చోలేకపోయాను. ఏడుపు రాలేదు, భయమేసింది. ఆమెకు నేనొక అబద్ధం చెప్పి ఉన్నాను.

మీలో చాలామందికి ఆమె తెలిసి ఉండకపోవచ్చు. మదనపల్లె కాలేజీలో మాకు బొమ్మలు నేర్పారు. రోజూ పుంగనూరు బస్సులో వచ్చేవారు, కొంగుకు ఎప్పుడూ బొగ్గు మసి. అమెరికాలో వందేళ్లకు పైగా కిందట బొమ్మల కాలేజీల్లో చేరిన ఆడవాళ్ల గురించి, ఆ తర్వాత అక్కడే పంతులమ్మలైనవాళ్ల గురించి, సొంత పిన్నమ్మల సంగతి చెప్పినట్టు చెప్పేవారు. మనిషిని ఎదురుగా పెట్టుకుని గీసే క్లాసులోకి వాళ్లను రానిచ్చేవాళ్లు కాదట. ఒకచోట అయితే మనిషికి బదులు ఆవును తోలుకొచ్చి నిలబెట్టారట. మేము పడీ పడీ నవ్వాము.

మరుసటి వారం ఆమె నిజంగానే ఒక పుంగనూరు ఆవును ట్రాలీ ఆటోలో తెచ్చారు.

"మీకు మాత్రం మనిషి యాడ దొరకతాడు? ఎవురొచ్చి కూర్సుంటారు? దీన్నే గీయండి."

ఆవు ఒక్కచోట నిలిస్తే కదా! అది తిరిగితే ప్యాడ్లు పట్టుకుని మేమూ దాని చుట్టూ తిరిగాము. నేను తెలివిగా ఒక మూల కూర్చుని పెద్ద మూపురం, పొడుగు కాళ్లు, మెడలో గంట వేసి ముగించాను. మేడమ్ నా గడ్డం పట్టుకుని ఆవు వైపు తిప్పారు. అది నా నడుమెత్తు కూడా లేదు.

"ఇది క్యాలెండర్ ఆవమ్మా. నీ కండ్ల ముందర ఉండేది యాది? దాన్ని సూడు."

సిగ్గుతో చచ్చాను. ఈరోజు నాకు అన్నం పెడుతున్నది ఆ చూపే.

ఆమె సొంతంగా ఏమీ గీయలేదు. అడిగితే, "ఆ అమెరికా ఆడోళ్లలో శానామందికి అదే అయిందమ్మా. పిల్లోళ్ల బొమ్మలు దిద్దేసరికే పొద్దు పోయింది. నువ్వట్ల కావద్దు" అన్నారు. నేనూ కుప్పంలో పంతులమ్మనయ్యాక ప్రతి ఆదివారం ఆమె ఫోన్ చేసి ఒకటే ప్రశ్న: "గీస్తాండావా?"

"గీస్తాండాను మేడమ్, పెద్దది" అనేదాన్ని. మొదట ఆమెను సంతోషపెట్టడానికే అన్నాను. తర్వాత ఆ మాట వెనక్కు తీసుకోవడం చేతకాలేదు. ఏం బొమ్మ అంటే రాగిచేను అన్నాను. ఎంతవరకు వచ్చింది అంటే అయిపోవచ్చింది అన్నాను. ఇంట్లో బట్ట బిగించిన చట్రం కూడా లేదు. ఆమె మంచాన పడ్డాక, "నేను రాలేనమ్మా, నువ్వే తీసుకురా" అన్నారు. వచ్చే వారం, వచ్చే వారం అంటూ రెండు నెలలు నెట్టాను. రాస్తుంటే నామీద నాకే అసహ్యంగా ఉంది.

ఆమెను వరండాలో పడుకోబెట్టారు. కాళ్లకు మొక్కి లేచేసరికి వాళ్లక్క నా చెయ్యి పట్టుకుని లోపలి గదిలోకి తీసుకుపోయింది. మేడమ్ మంచానికి ఎదురు గోడంతా ఖాళీ. దేవుడి పటాలు, గడియారం అన్నీ తీయించి సున్నం కొట్టించారు. నడుమ బారెడు ఎడంలో రెండు కొత్త మేకులు.

"పెద్దదన్నావంట కదా. ఒక మేకు మోయదని రెండు కొట్టించింది. పొద్దున లేస్తే ఆ గోడనే సూస్తా ఉన్నింది." ఆమె నా భుజం మీదుగా గుమ్మం వైపు చూసింది. "బొమ్మ బయట పెట్టి వచ్చినావామ్మా?"